బఖాలా టీవీలో హాతిమ్ అలీ

సిరియా దర్శకుడు హాతిమ్ అలీ పేరు మనవాళ్ళలో ఎవరైనా విన్నారంటే అది ఇస్లాం రెండో ఖలీఫా కథ చెప్పిన ‘ఉమర్’ సీరియల్ పుణ్యమే. 2012 రంజాన్‌లో వచ్చింది. ఆ తర్వాత ఎన్నో భాషల్లోకి వెళ్ళి, ఫోన్లలో ముక్కలు ముక్కలుగా తిరిగింది. నా స్నేహితుల్లో కొందరు అందులో ఏ సీను ఎక్కడొస్తుందో నిద్రలో లేపినా చెప్తారు. తీసిందెవరు అంటే మాత్రం తెల్లమొహం వేస్తారు. తెలిసిన ఒకరిద్దరు కూడా "ఆ భక్తి సీరియల్ తీసినాయన" అనేసి ఊరుకుంటారు. నాకు ఒళ్ళు మండేది అక్కడే. నేను ఆయన్ని చూసిన వరస వేరు. ‘ఉమర్’ నాకు చివర్లో వచ్చింది. అప్పటికే ఆయన నా దృష్టిలో ఓడిపోయినవాళ్ళ కథలు చెప్పే మనిషి.

కువైట్‌లో హవల్లీ పేటలో బఖాలాలో పనిచేసేవాణ్ణి. గల్ఫ్ వెళ్ళొచ్చినవాళ్ళకి బఖాలా అంటే చెప్పక్కర్లేదు. మిగతావాళ్ళకి, మన వీధి చివర కిరాణా కొట్టు అనుకోండి. ఖుబ్జ్ అనే రొట్టె, లబన్ అనే మజ్జిగ, సిగరెట్లు, ఫోన్ కార్డులు, రంజాన్ వస్తే గుమ్మం బయట దాకా పేర్చిన విమ్టో షర్బత్ సీసాలు. కౌంటర్ పైన గోడకి ఒక టీవీ. హవల్లీకి ఒక చరిత్ర ఉంది. 1990లో ఇరాక్ దాడి చేయకముందు కువైట్‌లో దాదాపు 4 లక్షల మంది పాలస్తీనావాళ్ళు ఉండేవారు, వాళ్ళకి హవల్లీ సొంత ఊరులాంటిది. యుద్ధం తర్వాత చాలామంది వెళ్ళిపోవలసి వచ్చింది. నేను వెళ్ళేసరికి కొన్ని కుటుంబాలు మిగిలాయి. సిరియావాళ్ళు, ఈజిప్టువాళ్ళు నిండుగా ఉన్నారు. అందుకే మా టీవీ ముందు ఏ సీరియల్ వచ్చినా అది ఎవరో ఒకరి ఊరి కథ అయ్యేది.

అరబ్బు టీవీకి రంజానే పెద్ద సీజన్. నెలకి 30 రోజులు, సీరియల్‌కి 30 ఎపిసోడ్‌లు. ఇఫ్తార్ అయ్యాక ఒక్కో ఛానెల్ తన సరుకంతా దింపుతుంది. దర్శకుడు ఏడాదంతా పడ్డ కష్టం ఆ ఒక్క నెలలో తేలిపోవాలి. నెలవంక 29కే కనబడితే చివరి ఎపిసోడ్ పండగ రోజుకి పడుతుంది, అప్పుడు దాన్ని చూసే తీరిక ఎవరికీ ఉండదు. ఒక యుద్ధం ఎలా ముగిసిందో నాకు ఇలాగే తెలీకుండా పోయింది. తర్వాత రీరన్‌లో దొరికింది.

నాకొచ్చిన అరబీ కొట్టు అరబీ. ఎంత, ఉంది, లేదు, రేపు రా, అప్పు లేదు. చారిత్రక సీరియల్స్‌లో వాడేది ఫుస్‌హా, అంటే పుస్తకాల అరబీ. వీధిలో ఎవరూ మాట్లాడరు. నేను రోజూ వింటూ వింటూ అదే అరబీ అనుకుని, ఒక సాయంత్రం సిరియా మంగలితో సుల్తాన్ సలాహుద్దీన్ లెవెల్లో "పాలు నిండుకున్నవి, ఓ సోదరా" అన్నాను. మన కిరాణా కొట్టువాడు పౌరాణిక నాటకంలో పద్యం ఎత్తుకుంటే ఎలా ఉంటుందో ఊహించుకోండి. అప్పట్నుంచి ఆయన నన్ను ‘సదీక్’, అంటే నేస్తం, అనడం మానేసి ‘యా సుల్తాన్’ అని పిలిచేవాడు. తెర మీద ఏం జరుగుతోందో నాకు అర్థమయ్యేలా చెప్పింది కూడా ఎక్కువగా ఆయనే. హాతిమ్ అలీ గురించి మొదట విన్నదీ ఆయన నోటే. "మా వాడు. గోలాన్ నుంచి వచ్చాడు" అన్నాడు.

సిరియా నైరుతి మూల గోలాన్ గుట్టల మీద ఫీక్ అనే ఊరు. హాతిమ్ అలీ 1962లో అక్కడ పుట్టాడు. 1967 జూన్ యుద్ధంలో గోలాన్ ఇజ్రాయెల్ చేతికి పోయింది. అక్కడి ఊళ్ళ జనం ఉన్నపళంగా డమాస్కస్ వైపు నడిచారు. అప్పుడు ఈయనకి ఐదేళ్ళు. ఆ తర్వాత పెరిగింది డమాస్కస్ శివార్లలో, యార్మూక్ పాలస్తీనా క్యాంపు పరిసరాల్లో. సిరియా పౌరుడే అయినా శరణార్థి బతుకు. చుట్టూ ఉన్నవాళ్ళది ఇజ్రాయెల్ ఏర్పడిన 1948 నాటి వలస, వీళ్ళది 1967 నాటిది. ఆయన పనంతటికీ వేరు ఇక్కడే ఉందని నా నమ్మకం.

డమాస్కస్‌లోని ఉన్నత నాటక విద్యాలయంలో నటన నేర్చుకుని 1986లో బయటికొచ్చాడు. హైథమ్ హక్కీ అనే దర్శకుడి సీరియల్‌తో నటుడిగా మొదలుపెట్టాడు. కథలు కూడా రాసేవాడు. ఒక కథల పుస్తకానికి ఆయన పెట్టిన పేరు ‘ముసలి చరిత్ర మాస్టారి మరణం’. తర్వాత ఆయన జీవితంలో సగం చరిత్రకే పోతుందని ఆ వయసులో తెలిసి పెట్టాడా ఏంటి అనిపిస్తుంది. తొంభైల నడుమ దర్శకత్వంలోకి దిగాడు. సిరియా సీరియల్స్‌కి అది మంచి కాలం. శాటిలైట్ ఛానెళ్ళు పుట్టుకొస్తున్నాయి, వాటికి సరుకు కావాలి. స్టూడియో సెట్లు వదిలేసి, ఒకే కెమెరాతో, వీధుల్లో, నిజమైన ఇళ్ళలో, సినిమా తీసినట్టు సీరియల్ తీసే పద్ధతిని హక్కీ లాంటివాళ్ళు అప్పటికే నిలబెట్టారు. హాతిమ్ అలీ ఆ దారినే పట్టుకున్నాడు.

1999లో వచ్చిన ‘అల్-ఫుసూల్ అల్-అర్బా’, అంటే నాలుగు ఋతువులు, ఆయనకి పేరు తెచ్చింది. డమాస్కస్‌లో ఒక పెద్ద కుటుంబం. తాతగా ఖాలిద్ తాజా, అమ్మమ్మగా నబీలా నాబుల్సీ. కూతుళ్ళు, అల్లుళ్ళు, మనవలు. ఒక ఎపిసోడ్‌కి ఒక కథ. అరుపులుండవు, కుట్రలుండవు. ఒక అల్లుడికి డబ్బుంటుంది, ఇంకో అల్లుడికి ఉండదు, భోజనాల దగ్గర ఆ సంగతి ఎవరూ ఎత్తరు. ఆ ఎత్తకపోవడమే కథ. రాసింది ఇద్దరు ఆడవాళ్ళు, దలా రహ్బీ, రీమ్ హన్నా. దలా రహ్బీ ఆయన భార్య. ఇక్కడ ఒక మాట చెప్పి తీరాలి. ఆయన మంచి సీరియల్స్ చాలావాటికి రచయితలు ఆడవాళ్ళే. ‘అహ్లామ్ కబీరా’ రాసింది అమల్ హన్నా, ‘అల్-మలిక్ ఫారూఖ్’ రాసింది లమీస్ జాబిర్, తర్వాత ‘ఖలమ్ హుమ్రా’ రాసింది యమ్ మష్హదీ. కత్తియుద్ధాలు బాగా తీస్తాడని అందరూ పొగుడుతారు గానీ ఈ సంగతి ఎవరూ పట్టించుకోరు.

ఇక కత్తుల సంగతి. 2000లో ‘అల్-జీర్ సాలిం’. ఒక ఆడ ఒంటెని చంపడంతో అంటుకున్న పగ, 40 ఏళ్ళు నడిచిన బసూస్ యుద్ధం. ఇస్లాంకి ముందు కాలపు కథ. అరబ్బు ఇళ్ళలో తాతలు చెప్పే కథ కాబట్టి అందులో హీరో ఎంత గొప్పవాడో అందరికీ ముందే తెలుసు. మమ్దూహ్ అద్వాన్ రాసిన స్క్రిప్టు, సల్లూమ్ హద్దాద్ నటన కలిసి ఆ గొప్పతనాన్ని పొర పొరగా ఒలిచేశాయి. అన్నని బావమరిది చంపాడు, తమ్ముడు పగ పట్టాడు, అంతవరకూ వీరగాథ. ఆ తర్వాత పగ ఒక్కటే మిగులుతుంది, మనిషి మిగలడు. మా మంగలి ఈ సీరియల్ రీరన్ వచ్చినప్పుడల్లా షాపు షట్టర్ సగం దించి వచ్చేవాడు. ఆ బావమరిది జస్సాస్‌గా అబెద్ ఫహద్ తెర మీదకి రాగానే తిట్లు మొదలు. చిత్రం ఏంటంటే సగం సీరియల్ అయ్యేసరికి మా మంగలికి జస్సాస్ మీద జాలి వచ్చేసేది. మళ్ళీ రీరన్‌కి మళ్ళీ తిట్టేవాడు.

ఆ మరుసటేడు నుంచి వలీద్ సైఫ్‌తో జోడీ మొదలైంది. వలీద్ సైఫ్ తూల్‌కర్మ్‌లో పుట్టిన పాలస్తీనావాడు, జోర్డాన్ విశ్వవిద్యాలయంలో భాషాశాస్త్రం చెప్పే ప్రొఫెసర్. ఇద్దరూ కలిసి 2001లో ‘సలాహుద్దీన్ అల్-అయ్యూబీ’, 2002లో ‘సఖ్ర్ ఖురైష్’, 2003లో ‘రబీ ఖుర్తుబా’, 2005లో ‘ములూక్ అల్-తవాయిఫ్’ చేశారు. చివరి మూడూ అందులూస్ కథలు, అంటే ముస్లింలు ఏలిన నాటి స్పెయిన్. గ్రనడా పతనంతో నాలుగోది కూడా అనుకున్నారు గానీ అది తెర మీదకి రాలేదు.

సలాహుద్దీన్ కథ అంటే 1187లో క్రూసేడర్లని ఓడించిన హిత్తీన్ యుద్ధం, జెరూసలేం విజయం. మామూలు దర్శకుడైతే మొదటి ఎపిసోడ్ నుంచే గుర్రాలు పరిగెత్తించేవాడు. వీళ్ళు మాత్రం ముందు తరం నుంచి ఎత్తుకున్నారు. ఒకరి మీద ఒకరికి నమ్మకం లేని అమీర్లు, పక్కూరి రాజుని ఓడించడానికి శత్రువుతో చేతులు కలిపే దర్బారులు, ఓపిగ్గా అన్నీ చూపించారు. నాకు అప్పట్లో విసుగొచ్చింది కూడా. మ్యాపులో చూస్తే తర్వాత తెలిసింది, గలిలీ సరస్సుకి ఒక పక్క ఎత్తు మీద ఫీక్ ఉంటే అవతలి పక్క హిత్తీన్ ఉంది. తన ఊరి నుంచి కనిపించే ప్రాంతంలో జరిగిన యుద్ధాన్ని, ఆ ఊరికి వెళ్ళే వీల్లేని మనిషి తీశాడన్నమాట.

‘సఖ్ర్ ఖురైష్’ ఇంకా సూటిగా తగులుతుంది. డమాస్కస్‌లో ఉమయ్యాద్ వంశాన్ని అబ్బాసీలు ఊచకోత కోస్తుంటే తప్పించుకున్న రాకుమారుడు అబ్దుర్రహ్మాన్. యూఫ్రటీస్ నదిలో దూకి ఈదుతున్నాడు, వెంట చిన్న తమ్ముడు. ఒడ్డు మీద సైనికులు "వెనక్కి రండి, ఏం చేయం" అని అరుస్తున్నారు. తమ్ముడు అలిసిపోయి, ఆ మాట నమ్మి వెనక్కి తిరిగాడు. అవతలి ఒడ్డు చేరిన అన్న కళ్ళముందే వాడి తల తీశారు. చరిత్ర పుస్తకాల్లో నాలుగు వాక్యాల సంగతి ఇది. ఆ అన్న ఉత్తరాఫ్రికా అంతా దాటి, 756లో కొర్డోబాలో రాజ్యం పెట్టాడు. రాజ్యం పెట్టడం గురించి మా టీవీ ముందు ఎవరూ మాట్లాడలేదు. నది గురించే మాట్లాడారు.

2004 గురించి మాత్రం కాస్త తాపీగా చెప్పాలి. ఆ రంజాన్‌లో ఆయనవి రెండు సీరియల్స్ వచ్చాయి. ఒకటి ‘అల్-తగ్రీబా అల్-ఫలస్తీనియ్యా’, రెండోది ‘అహ్లామ్ కబీరా’.

తగ్రీబా ఒక పల్లెటూరి రైతు కుటుంబం కథ. ముప్పైల నుంచి 1967 దాకా. పెద్దకొడుకు అబూ సాలిహ్ బ్రిటిష్‌వాళ్ళ మీద 1936 తిరుగుబాటులో తుపాకీ పడతాడు, చిన్నకొడుకు అలీ చదువుకుంటాడు. మధ్యలో 1948 వస్తుంది. ఊరు పోతుంది. గుడారాలు, రేషన్ క్యూలు, తర్వాత రేకుల ఇళ్ళు. అబూ సాలిహ్‌గా జమాల్ సులైమాన్, తండ్రిగా ఖాలిద్ తాజా, తల్లిగా జూలియెట్ అవ్వాద్, అలీగా తైమ్ హసన్. అందరూ పాలస్తీనా పల్లె యాసలోనే మాట్లాడతారు. ఈసారి పుస్తకాల అరబీ లేదు, అయినా నాకు సగం అర్థం కాలేదు, యాస అంత చిక్కన.

మా కొట్టుకి ఖుబ్జ్ కోసం ఒక పాలస్తీనా పెద్దావిడ వచ్చేది, రిటైరైన టీచర్. నేను ‘ఖాలా’, అంటే పిన్ని, అనేవాణ్ణి. ఇంట్లో టీవీ ఉంది కదా ఖాలా, ఇక్కడ నిలబడి ఎందుకు చూస్తావంటే, ఇంట్లో ఒక్కదాన్నే చూడలేను అనేది. ఏడుస్తూ చూసేదని అనుకునేరు. కాదు, తప్పులు పట్టడానికి చూసేది. తాబూన్ అనే రొట్టెల పొయ్యి సరిగ్గా కట్టారా, ఆడవాళ్ళు తలగుడ్డ ఎలా చుట్టారు, ఫలానా మాట తమ ఊళ్ళో అంటారా అనరా. రోజూ ఒక తప్పు దొరికేది. క్యాంపు ఎపిసోడ్‌లు వచ్చాక తప్పులు పట్టడం మానేసింది. అప్పుడు నాతో రేషన్ కార్డు గురించి చెప్పింది. పిండి ఎంత, నూనె ఎంత, చనిపోయినవాళ్ళ పేరు కొట్టేయించకుండా కుటుంబాలు ఎలా దాచేవో. సీరియల్‌లో ఏ రాజూ ఏ నాయకుడూ ముఖ్యం కాదు. తండ్రికి పోయిన పొలం మీద ఉన్న బెంగ, చదువుకున్న తమ్ముడికి చదువురాని అన్న దగ్గర కలిగే సిగ్గు, అవే నడిపిస్తాయి. చివర్లో రష్దీ అనే కుర్రాడి పాత్రలో హాతిమ్ అలీయే కనిపిస్తాడు. 1967 ఓటమి తర్వాత గుహలో దాచిన తుపాకీని బయటికి తీసే పాత్ర అది. ఐదేళ్ళప్పుడు ఏ యుద్ధం తనని ఊరి నుంచి తరిమిందో ఆ యుద్ధం దగ్గరే కథ ఆపి, ఆ చివరి సీనులో తానే నిలబడ్డాడు.

‘అహ్లామ్ కబీరా’ అంటే పెద్ద కలలు. పేరుకే పెద్దవి. డమాస్కస్ మధ్యతరగతి ఇల్లు, ఎదిగిన కొడుకులు, ఉద్యోగాలు, కుదరని పెళ్ళిళ్ళు. నాకు ఆయన పనిలో అన్నిటికన్నా ఇష్టమైంది ఇదే, తగ్రీబా కన్నా కూడా. ఈ మాట హవల్లీలో పైకి అంటే తన్నేవాళ్ళు. ఒకే మనిషి ఒకే ఏడాది ఒక జాతి మొత్తం కోల్పోయిన దాన్నీ, ఒక ఇంట్లో కొడుకు కోల్పోయిన దాన్నీ తీశాడు. రెండింటినీ ఒకే ఎత్తు నుంచి చూశాడు. కెమెరా ఎక్కువగా గదిలోనే ఉంటుంది, తలుపు దగ్గర నిలబడిన మనిషి చూసినట్టు.

2007లో ‘అల్-మలిక్ ఫారూఖ్’ వచ్చినప్పుడు మా కొట్టు ముందు నిజంగా యుద్ధమే. ఈజిప్టు చివరి రాజుల్లో ఒకడి కథ, ఈజిప్టు రచయిత్రి, ఈజిప్టు యాస. తీసింది సిరియావాడు, ఫారూఖ్‌గా నటించిన తైమ్ హసన్ సిరియావాడు. పక్క బిల్డింగ్ హారిస్, అంటే వాచ్‌మన్, ఈజిప్టు మనిషి. "కైరోలో నటులు చచ్చిపోయారా?" అని మొదటి రోజు నుంచీ గొడవ. మంగలి ఊరుకుంటాడా. నాకు వ్యాపారం బాగా జరిగింది, ఇద్దరూ పెప్సీలు తాగుతూ కొట్టుకునేవారు. పదిరోజులయ్యాక హారిస్ యాస గురించి మాట్లాడటం మానేసి, "పాపం, కుర్రాడు, పదహారేళ్ళకే కిరీటం పెట్టేశారు" అనడం మొదలుపెట్టాడు. స్కూల్లో తాగుబోతు, తిండిపోతు అని చదువుకున్న రాజు కోసం. 1952 జులై 26న అలెగ్జాండ్రియా రేవులో నౌక ఎక్కి వెళ్ళిపోయే దాకా ఆ మనిషిని వదల్లేకపోయాడు. ఆ ఏడాది ఈజిప్టు అంతా ఇదే వాదన నడిచిందట. రాజరికం మంచిదా చెడ్డదా అన్నది హాతిమ్ అలీ పట్టించుకున్నట్టు నాకు అనిపించలేదు. తల్లితో పడని కొడుకు, ఇల్లు వదిలి పోవలసిన మనిషి, అంతే.

సినిమాలు తక్కువ తీశాడు. వాటిలో చూడాల్సింది ‘అల్-లైల్ అల్-తవీల్’, 2009 నాటిది. ఏళ్ళ తరబడి జైల్లో మగ్గిన రాజకీయ ఖైదీలని ఒక రాత్రి వదిలేస్తున్నారు. కథ జైల్లో కన్నా ఇళ్ళలో ఎక్కువ నడుస్తుంది. నాన్న వస్తున్నాడు అంటే పిల్లలు సంతోషించాలి కదా. ఒకరికి ఉద్యోగం భయం, ఒకరికి చేసుకున్న పెళ్ళి సంబంధం భయం. ఇటలీలోని తవోర్మీనా చిత్రోత్సవంలో ఉత్తమ చిత్రం బహుమతి గెలిచింది. సిరియాలో థియేటర్‌కి రాలేదు. ఎందుకు రాలేదో చూస్తే తెలుస్తుంది.

ఇప్పుడు ‘ఉమర్’. పని పరంగా అంత భారీగా ఆయన ఇంకేదీ చేయలేదు. ఖలీఫాల ముఖాలు చూపించడం తప్పని కైరోలోని ఇస్లాం విద్యాపీఠం అల్-అజ్హర్ అభ్యంతరం చెప్పింది, మరోపక్క కొందరు పండితులు స్క్రిప్టు పరిశీలించి సరే అన్నారు. నాటక విద్యాలయం నుంచి అప్పుడే వచ్చిన సామిర్ ఇస్మాయీల్‌ని ఉమర్‌గా పెట్టి, గొంతు వేరే నటుడితో చెప్పించారు. జనానికి ముఖం కొత్తగా ఉండాలి, గొంతు బరువుగా ఉండాలి. తెలివైన ఏర్పాటే. అయినా నాకు అక్కడ హాతిమ్ అలీ కట్టేసినట్టు కనబడతాడు. ఆ మనిషికి తప్పు చేసే స్వేచ్ఛ లేదు, కెమెరాకి దగ్గరికి వెళ్ళే స్వేచ్ఛ లేదు. బానిసత్వం నుంచి బయటపడిన ప్రవక్త సహచరుడు బిలాల్ ఎపిసోడ్‌లలో మాత్రం పాత చెయ్యి తెలుస్తుంది. భక్తితో చూసేవాళ్ళతో నాకు తగాదా లేదు. కానీ ఆయన గొప్పతనానికి సాక్ష్యంగా దీన్ని ముందు పెడితే మిగతావన్నీ దీని వెనక మరుగున పడిపోతాయి.

ఆ సరికి సిరియా అంతర్యుద్ధంలో తగలబడుతోంది. ఆయన దేశం వదిలాడు, కుటుంబం కెనడా చేరింది. 2015లో సిరియా కళాకారుల సంఘం ఆయన పేరు కొట్టేసింది. 2014లో ‘ఖలమ్ హుమ్రా’ ఉంది, నిర్బంధంలో ఉన్న ఒక రచయిత్రి తన పాత జీవితాన్ని నెమరేసుకునే కథ, బాగుంటుంది. తర్వాత ‘ఆర్కిడియా’ అని కల్పిత రాజ్యాల కథ చేశాడు, నేను మధ్యలో వదిలేశాను. ఊరూ పేరూ లేని రాజ్యం ఆయనకి పడదు. ఆపైన కైరోలోనే ఎక్కువ పని.

2020 డిసెంబర్ 29న కైరోలో, హోటల్ గదిలో గుండె ఆగి పోయాడు. 58 ఏళ్ళు. శవపేటిక డమాస్కస్ తీసుకెళ్ళారు, 2021 జనవరి 1న బాబ్ అల్-సగీర్ శ్మశానంలో పెట్టారు. సభ్యత్వం తీసేసిన ఊళ్ళోనే జనం పోటెత్తారు. నేను అప్పటికి కువైట్ వదిలేశాను. మంగలి వాట్సాప్‌లో ఆ వీడియో పంపి కింద ఏమీ రాయలేదు. పోయే ముందు ఆయన పనిచేస్తున్నది ‘సఫర్ బర్లిక్’ మీద. మొదటి ప్రపంచయుద్ధంలో ఒట్టొమన్ సైన్యం కోసం అరబ్బు కుర్రాళ్ళని ఇళ్ళ నుంచి లాక్కెళ్ళిన కాలం కథ. తర్వాత లైథ్ హజ్జో దాన్ని తీశాడు, 2023లో వచ్చింది.

చూడాలనుకునేవాళ్ళు నాలుగు ఋతువులతో మొదలుపెట్టండి. ఒక్కో ఎపిసోడ్ విడి కథ కాబట్టి ఎక్కడైనా ఆపొచ్చు. తగ్రీబాకి ముందు ‘అహ్లామ్ కబీరా’ చూస్తే మంచిది. ‘ఉమర్’ చివర్లో చూడండి, అప్పుడు నేనన్నది ఒప్పో తప్పో మీరే చెప్పొచ్చు. ‘అల్-జీర్ సాలిం’ మొదట్లో మాత్రం ఎవరు ఎవరికి బావో, ఎవరు ఎవరికి పినతండ్రి కొడుకో బుర్ర తిరుగుతుంది. కాగితం మీద వంశవృక్షం గీసుకోండి. నేను కఫీల్, అంటే నన్ను పనిలో పెట్టుకున్న యజమాని, కంటపడకుండా బిల్లు పుస్తకం వెనకాల గీసుకునేవాణ్ణి, ఎవరైనా చస్తే కొట్టేస్తూ. సీరియల్ అయ్యేసరికి కొట్టేయని పేర్లు వెతుక్కోవాల్సి వచ్చింది.